ముఖం అరువిచ్చే పని

నేను ఇన్నేళ్ళూ జర్మన్ టెలివిజన్‌లో నటించాను. మీరు నన్ను చూసి ఉండరు. చూసిన జర్మన్లకు కూడా నా పేరు తెలియదు. హాస్పిటల్ సీరియల్‌లో వరండాలో కూలబడి ఏడ్చే ఆవిడ, నేరాల డాక్యుమెంటరీలో కోర్టు బయట కొంగుతో ముఖం కప్పుకునే సాక్షి, కరువు గురించిన సినిమాలో ఆరిపోయిన పొయ్యి ముందు కూర్చున్న అమ్మ. నావి ఇలాంటి వేషాలు. ఇప్పుడు పని మానేసి ఐర్లండ్‌లో, లీక్స్‌లిప్‌లో మా అమ్మాయి దగ్గర ఉంటున్నాను. అమ్మాయీ అల్లుడూ ఇక్కడి చిప్పుల ఫ్యాక్టరీలో ఇంజినీర్లు.

మొన్న చెర్రీవుడ్‌లో తెలిసినవాళ్ళ పాప పుట్టినరోజుకు వెళ్ళాను. నిఖిత అనే అమ్మాయి ప్లేటు పట్టుకుని వచ్చి నా పక్కన కూర్చుంది. వరంగల్ పిల్ల, చెర్రీవుడ్‌లోనే ఏదో సాఫ్ట్‌వేర్ ఆఫీసులో పని.

"ఆంటీ, మీరు టీవీల చేసేటోళ్ళంట గదా. నాక్కూడా మస్తు ఇంట్రెస్ట్. ఇక్కడ షూటింగులకు ఇండియన్ ఫేసెస్ కావాలంటున్నరు. ఎట్ల ఎంటర్ కావాలె?" అంది.

"మంచి ఫొటోలు తీయించుకో. చలికి లోపల వేసుకునే మందపాటి బనీను కొనుక్కో" అన్నాను. అందరూ నవ్వారు. ఆ పిల్లా నవ్వింది. ఇంటికి వచ్చాక నా జవాబు నాకే నచ్చలేదు. ఆ అమ్మాయి సరదాకి అడగలేదు, నేనే సరదాగా తప్పించుకున్నాను. అందుకని ఇది రాస్తున్నాను. ఫొటోల సంగతి, ఏజెంట్ల సంగతి ఎవరైనా చెబుతారు. ఆ పని మనిషిని ఏం చేస్తుందో చెప్పేవాళ్ళు తక్కువ.

ఏడ్చే ఆవిడ

మాది రేపల్లె. క్రిస్మస్‌కు మా చర్చిలో వేసే నాటకాల్లో తప్ప నేనెప్పుడూ నటించలేదు. పెళ్ళయ్యాక మావారు ప్రభాకర్ ఉద్యోగం చేసే కొలోన్‌కు వెళ్ళాను. ఆయన యంత్రాల కంపెనీలో పనిచేసేవారు. మా పై వాటాలో ఉండే జర్మన్ ఆవిడ ఒక హాస్పిటల్ సీరియల్‌కు బట్టలు కుట్టేది. ఒకరోజు మెట్ల మీద ఆపి, "ఒక భారతీయ రోగికి భార్య కావాలి. ఒక్కటే మాట. వస్తావా?" అని అడిగింది.

ఆ ఒక్క మాట "నా భర్త ఎక్కడ?" అని. వంటింట్లో గిన్నెలు తోముకుంటూ జర్మన్‌లో దాన్నే వల్లించాను. తీరా షూటింగు రోజున డైరెక్టరు ఆ మాట కూడా తీసేశాడు. "మాట వద్దు. మీ దేశంలో ఎలా ఏడుస్తారో అలా ఏడువు" అన్నాడు.

నాకు మా వీధిలో పోయినవాళ్ళ చుట్టూ కూర్చుని ఆడవాళ్ళు రాగం తీసి ఏడవడం గుర్తొచ్చింది. వరస పెట్టి పిలుస్తూ, చేసిన మేళ్ళన్నీ చెప్పుకుంటూ, గుండెలు బాదుకుంటూ ఏడుస్తారు. అదే తెలుగులో చేశాను. లైట్లు పట్టుకున్నవాళ్ళు కూడా తల దించుకున్నారు. డైరెక్టరు వచ్చి నా రెండు చేతులూ పట్టుకున్నాడు. ఇంటికి వెళ్ళేదాకా నా కాళ్ళు నేల మీద లేవు.

ఆ రోజు నుంచీ నా పని అదే అయింది. ఆఫ్ఘన్ తల్లిగా ఏడ్చాను, బెంగాలీ వితంతువుగా ఏడ్చాను, ఒకసారి దక్షిణ అమెరికా కొండల్లో ఆవిడగా కూడా ఏడ్చాను. అన్నీ రేపల్లె ఏడుపులే. ఎవరికీ తేడా తెలియలేదు. నటులను ఎంపిక చేసేవాళ్ళ దగ్గర నాకు పేరు లేదు, "ఏడ్చే ఆవిడ" అంటే చాలు. డాక్టరు వేషమో, బడిలో టీచరు వేషమో అడిగితే, "అవి చేసేవాళ్ళు చాలామంది ఉన్నారు. నీలా ఏడ్చేవాళ్ళు లేరు" అనేవాళ్ళు. అది మెచ్చుకోలు అనుకుని చాలాకాలం సంతోషపడ్డాను. అది తలుపు మూసెయ్యడమని ఆలస్యంగా అర్థమైంది. మీలో ఎవరికైనా మొదటి వేషంలోనే ఒక పని బాగా వచ్చిందని అంటే, రెండోసారి అదే అడిగినప్పుడు కాస్త ఆలోచించుకోండి.

మొదట్లో ప్రభాకర్ టీవీ ముందు కూర్చుని, "ఏంటి రత్నా, నేనింకా బతికే ఉన్నాగా, ఎవరికోసం ఇంత శోకం?" అని ఏడిపించేవారు. తర్వాత తర్వాత నా సీను వస్తుందంటే లేచి బాల్కనీలోకి వెళ్ళేవారు. ఎందుకని నేను అడగలేదు, ఆయనా చెప్పలేదు.

ఆయన గుండెపోటుతో పోయారు. శవపేటిక పక్కన నిలబడితే కన్నీళ్ళు వచ్చాయి గాని గొంతు రాలేదు. నోరు తెరిస్తే అది వేషమైపోతుందేమోనని భయం వేసింది. ఊరి నుంచి వచ్చిన మా ఆడపడుచు నన్ను పట్టుకుని కుదిపింది. "ఏడువు వదినా, గట్టిగా ఏడువు, గుండె పగిలిపోద్ది" అంది. నా గొంతు కదల్లేదు. అక్కరకు రావాల్సిన రోజున అది నా దగ్గర లేదు.

హోర్స్ట్

టీవీ డాక్యుమెంటరీల్లో, ఎప్పుడో జరిగినదాన్ని మళ్ళీ నటించి చూపించే సీన్లు ఉంటాయి. వెనక ఒక గొంతు కథ చెబుతూ ఉంటుంది. తెర మీద మన పెదాలు కదులుతాయి, మాట వినపడదు. సీరియల్ నుంచి నేను నెమ్మదిగా ఇటువైపు జరిగాను. ఇక్కడే హోర్స్ట్ పరిచయమయ్యారు.

నాకంటే బాగా పెద్దాయన. పొడుగ్గా, ఎండిన చెట్టులా ఉండేవారు. చక్రవర్తులు, బిషప్పులు, ఉరితీయబడ్డ శాస్త్రవేత్తలు, ఓడ మునిగిపోతుంటే దిగని కెప్టెన్లు ఆయన వేషాలు. కుర్రతనంలో ఒక సీరియల్‌లో పశువుల డాక్టరుగా వేసి ఇంటింటా తెలిసిన మనిషి అయ్యారట. ఆ పాత్రను కారు ప్రమాదంలో చంపేశారు. అప్పటి నుంచీ అలాంటిది ఇంకొకటి వస్తుందని ఎదురుచూస్తూనే ఉన్నారు. కూతురి పెళ్ళి రోజున కూడా, పిలుపు రావచ్చని ఇంట్లో ఫోను పక్కనే ఉండిపోయారు. పిలుపు రాలేదు. కూతురు ఆ తర్వాత ఆయనతో మాట్లాడలేదు. ఈ సంగతి ఆయనే చెప్పారు, వాతావరణం గురించి చెప్పినంత మామూలుగా.

షూటింగుకు రాగానే ఆయన అడిగే మొదటి ప్రశ్న ఒకటే. "ఈయన మనుషులెవరైనా బతికున్నారా?"

లేరంటే హాయిగా మీసం మెలేసి నటించేవారు. ఉన్నారంటే ఇక డైరెక్టరుకు మనశ్శాంతి ఉండేది కాదు. ఒకసారి గనిలో ప్రమాదానికి బాధ్యుడని నింద పడ్డ మేస్త్రీ వేషం వేశారు. జనం చచ్చిపోతుంటే అతను పెదవి విరిచి నవ్వాలని సీను. "ఆయన నవ్వినట్టు ఎవరు చూశారు?" అని అడిగారు. ఎవరూ చూడలేదు. "ఆయన మనవలు ఈ టీవీ చూస్తారు. నేను నవ్వను" అన్నారు. నవ్వలేదు. ఆ కంపెనీ మళ్ళీ ఆయన్ని పిలవలేదు.

"రత్నా, కల్పించిన మనిషైతే నీ ఇష్టం. నిజం మనిషైతే వాళ్ళ ముఖం నువ్వు అరువు తెచ్చుకున్నట్టు. వాళ్ళకు నీ ముఖం అరువిచ్చినట్టు కూడా. రెండూ పాడవకూడదు" అనేవారు. నేను పనిచేసిన డైరెక్టర్లందరిలో ఎవరి దగ్గరా ఇంతకంటే ఎక్కువ నేర్చుకోలేదు. కానీ ఒక మాట దాచకుండా చెప్పాలి. ఇలా ఉండేవాళ్ళకు ఈ రంగంలో పని తగ్గిపోతుంది. హోర్స్ట్‌కు తగ్గింది.

ప్రభాకర్ పోయాక నేను ఐర్లండ్ వచ్చేశాను. పని మానేద్దామనుకున్నాను గాని, అది ఇక్కడికీ వచ్చింది. జర్మన్లకు ఐర్లండ్ అంటే పిచ్చి. పడమటి తీరంలో కొండరాళ్ళు, సముద్రం, తెల్ల గోడల ఇళ్ళు చూపించే ప్రేమకథలు తీస్తుంటారు. ఊరి పేర్లన్నీ ఐరిష్, మాట్లాడేది మాత్రం అందరూ జర్మన్. జర్మన్ వచ్చి ఇక్కడే ఉండే నటి దొరికితే వాళ్ళకు సుఖం. అట్లా ఒక ప్రేమకథలో ఊరి మందుల షాపు ఆవిడ వేషం వచ్చింది. అందులో మాటలున్నాయి, ఏడుపు లేదు. లైట్‌హౌస్‌లో పనిచేసి రిటైరైన ముసలాయన వేషానికి హోర్స్ట్ వచ్చారు. నన్ను చూసి పిల్లాడిలా చేతులు ఊపారు.

ఆ రోజు చినుకులు, ఈదురుగాలి. సీనుకూ సీనుకూ మధ్య పాచి పట్టిన రాళ్ళ మీద ఆయన జారిపడ్డారు. తుంటి ఎముక విరిగింది. అంబులెన్స్ కోసం ఎదురుచూస్తుండగా బట్టలు చూసే అమ్మాయి వచ్చి, ఆయన ఒంటి మీది నీలం కోటు జాగ్రత్తగా తీసుకుంది. కంబళి కప్పింది. కోటు తడిసిందని తీసిందనుకున్నాను. అంబులెన్స్ వెళ్ళిపోయిన కాసేపటికే, మమ్మల్ని తీసుకొచ్చిన వ్యాను డ్రైవరుకు ఆ కోటు తొడిగి, ఒడ్డు వెంబడి నడిపించి, వెనక నుంచి షాట్ తీశారు. మందుల షాపు ఆవిడ గుమ్మంలో నిలబడి, వెళ్ళిపోతున్న ఆ ముసలాయన్ని చూసి ఆప్యాయంగా నవ్వాలి. నవ్వాను. ఆ షాట్ బాగా వచ్చిందన్నారు.

గాల్వేలో

మర్నాడు, ఆయన్ని చేర్చిన గాల్వే పట్టణం హాస్పిటల్‌కు వెళ్ళాను. ఆపరేషన్ అయ్యాక మందుల మత్తులో హోర్స్ట్ ఇంగ్లిషు పూర్తిగా మర్చిపోయారు. జర్మన్‌లో ఏదో అడుగుతుంటే అక్కడెవరికీ అర్థం కావడం లేదు. మంచం పక్కన మన దేశపు అమ్మాయి ఒకతె ఆయనకు చెంచాతో నీళ్ళు తాగిస్తోంది. నా ముఖం చూసి, "ఆంటీ, మీరు తెలుగా?" అంది.

"అవునమ్మా."

"అమ్మయ్య. ఈ తాత పొద్దుట్నుంచీ ఒకటే మాట అంటన్నాడాంటీ. ఏందది? నొప్పంటన్నాడా?"

వంగి విన్నాను. "కోటు ఎక్కడుంది అని అడుగుతున్నారు" అన్నాను.

ఆ అమ్మాయి సువర్ణ. చీరాల దగ్గర పల్లె. హాస్పిటల్‌లో రోగుల మంచిచెడ్డలు చూసుకునే కేరర్‌గా పనిచేస్తోంది. హోర్స్ట్ ఉన్నన్నాళ్ళూ నేను బస్సులో వెళ్ళి వస్తుండేదాన్ని. ఒకరోజు డ్యూటీ దిగి నన్ను తన గదికి టీకి తీసుకెళ్ళింది. నలుగురైదుగురు ఆడపిల్లలు కలిసి ఉంటున్న ఇల్లు. "ప్రెస్సులో కప్పులున్నాయి, తీసుకోండాంటీ" అంది. ఇక్కడ అల్మారాను అలాగే అంటారు. అల్మారా తలుపు తీస్తే లోపలివైపు ఒక ఫొటో అంటించి ఉంది. సువర్ణలాగే ఉన్న ఇంకో అమ్మాయి, ఇంకాస్త సన్నం.

"మా చెల్లి, సునీత" అంది. "లేదాంటీ."

సునీత అక్క వెనకే కేరర్‌గా వచ్చింది. గాల్వేలో అద్దెలకు తట్టుకోలేక, గది కూడా ఇస్తారని సముద్రపు ఒడ్డున ఒక చిన్న ఊళ్ళో వృద్ధాశ్రమంలో పనికి చేరింది. ఒక సెలవు రోజు సాయంత్రం గాలికి నడిచొస్తానని వెళ్ళి తిరిగి రాలేదు. మర్నాడు ఒడ్డున దొరికింది. కాలు జారిందో, అలలు లాగాయో, ఇంకేమైనా జరిగిందో ఎవరికీ తెలియలేదు. గార్డులు, అంటే ఇక్కడి పోలీసులు, ఊరంతా విచారించారు. చూసినవాళ్ళు దొరకలేదు. ఎలా పోయిందో తేల్చలేమని విచారణ ముగిసింది.

"తెలీదంటే ఊరుకుంటారా ఆంటీ మనూళ్ళో? ఎవడితోనో తిరిగిందనీ, కడుపొచ్చిందనీ... నోటికొచ్చినట్టు. దానికి తోడు మా అమ్మ ఏడవలేదు. శవపెట్టి వచ్చిన రోజు గూడా ఏడవలా. తల్లికే సిగ్గేసి ఏడవలేదన్నారు. పలకరించను గూడా ఎవురూ రాలేదాంటీ."

హోర్స్ట్‌ను చక్రాల కుర్చీలో కొలోన్ పంపించారు. వెళ్ళేముందు సువర్ణ చేతిని ముద్దుపెట్టుకున్నారు. తర్వాత ఆయన మళ్ళీ నటించలేదు. ఆయన పోయిన సంగతి నాకు తెలిసేసరికి అంత్యక్రియలు కూడా అయిపోయాయి. కూతురు వచ్చిందో లేదో చెప్పేవాళ్ళు లేరు.

సునీత అమ్మ వేషం

కొన్నాళ్ళకు సువర్ణ ఫోన్ చేసింది. సముద్రం ఒడ్డున, ఎలాగో తేలకుండా చనిపోయినవాళ్ళ గురించి ఒక జర్మన్ కంపెనీ డాక్యుమెంటరీ తీస్తోందట. సునీత కథ తీసుకుంటామని అడిగారట.

"ఒప్పుకున్నానాంటీ. ఆ రోజు అక్కడ టూరిస్టులు ఉన్నారంట. జర్మన్ వాళ్ళు గూడా ఉండొచ్చంట. టీవీలో జూసి ఎవరన్నా మాట్లాడతారేమోనని. మా అమ్మ వేషం మీరెయ్యండి. ఇంకెవరో ఏస్తే నేను జూడలేను."

డైరెక్టరు కారిన్ నాకు పాత పరిచయమే. చురుకైన మనిషి, పనివాళ్ళకు వేళకు తిండి పెట్టించే మనిషి. నేను పనిచేసిన చాలామంది కంటే నయం. గాల్వే బయట ఒక పాత ఇంట్లో వంటగదిని ఆంధ్రా వంటగదిలా మార్చారు. వెళ్ళి చూస్తే గోడకు వినాయకుడు, అరుగు మీద ఇత్తడి ఏనుగులు.

"వీళ్ళు క్రైస్తవులు" అన్నాను. కారిన్ క్షమించమని వెంటనే తీయించింది. సువర్ణ తన ఫోన్‌లో ఇంటి ఫొటోలు చూపించి, గోడకు వాక్యాల క్యాలెండరు, పీట, చాట, అల్యూమినియం గిన్నెలు ఎక్కడెక్కడ ఉండాలో చెప్పింది. తర్వాత, ఇక తాను ఉండలేనని బయట కారులో కూర్చుంది. వెళ్ళేముందు, చెల్లి పోయిన కబురు అమ్మకు చెప్పిన రోజున ఫోన్‌లో జరిగింది నాకు చెప్పింది.

"అమ్మా, సునీత లేదే అన్నా. ఏం మాట్లాడలేదాంటీ. లైన్ కట్టయిందేమో అనుకున్నా. తర్వాత, 'నువ్వు అన్నం తిన్నావా?' అంది. లేదమ్మా అన్నా. 'తిను. తిని ఫోన్ చెయ్యి' అని పెట్టేసింది. అప్పుడు బియ్యం ఏరతా ఉందంట. పక్కింటామె జూసింది. ఆ చాట మొత్తం రాళ్ళు లేకుండా ఏరిందంట."

నేను అదే చేశాను. ఫోను చెవి దగ్గర పెట్టుకున్నాను, విన్నాను, అన్నం తిన్నావా అని అడిగాను, ఫోను పక్కన పెట్టి తల వంచి బియ్యం ఏరుకున్నాను. కట్ అన్నారు.

కారిన్ నా పక్కన పీట లాక్కుని కూర్చుంది. "చాలా బాగుంది రత్నా. ఇప్పుడు ఇంకొకటి తీద్దాం. ఈసారి నీ ఏడుపుతో."

"ఆవిడ ఏడవలేదు."

"నాకు తెలుసు. కానీ చూసేవాళ్ళకు తెలియదు. కూతురు చనిపోయిందని చెబితే బియ్యం ఏరుకునే తల్లిని చూసి, ఈవిడకు బాధ లేదా అనుకుంటారు. ఆవిడ మీద జాలి కలగాలి. అప్పుడే ఆ రోజు ఏదైనా చూసినవాళ్ళు ఫోన్ చేస్తారు."

"బాధ లేదని వాళ్ళ ఊళ్ళోవాళ్ళూ అన్నారు కారిన్. ఇప్పుడు జర్మనీ అంతా అనుకుంటుందని భయపడి ఆవిడను మార్చేద్దామా?"

"నిన్ను పిలిచింది నీ ఏడుపు కోసమే, నీకూ తెలుసు."

"తెలుసు. చెయ్యను."

"రేపు ఇంకొకరిని తెస్తే?"

"తెచ్చుకో. బయట కారులో సువర్ణ ఉంది. ముందు ఆ అమ్మాయిని అడుగు."

కారిన్ కిటికీలోంచి కారు వైపు చూసింది. వెళ్ళలేదు. కాసేపటికి లేచి, "సరే, తీసిందే వాడతాం" అంది. లైట్లు ఆర్పేశారు. తిరిగి వస్తుంటే కారులో సువర్ణ, "ఎట్టా వచ్చిందాంటీ?" అని అడిగింది. "మీ అమ్మలాగే వచ్చింది" అన్నాను. హోర్స్ట్ ఉంటే ఆ రాత్రే ఫోన్ చేసి చెప్పేదాన్ని.

టీవీలో వచ్చాక

ప్రసారమయ్యే రోజు సువర్ణ గాల్వే నుంచి మా ఇంటికి వచ్చింది. మా అమ్మాయి అన్నం పెట్టింది. అందరం హాల్లో కూర్చున్నాం.

సునీతగా వేసిన అమ్మాయి ఒడ్డున నడిచింది. గార్డు ఒకాయన మాట్లాడాడు. తర్వాత వంటగది. నా ముఖం, ఫోను, పెదాలు. ఫోను పక్కన పెట్టాను, చాట మీదికి తల వంచాను. అప్పుడు ఒక ఆడమనిషి కేక వినిపించింది. పొడుగ్గా, గుండె చీరుకుపోయేలా, ఏ భాషో తెలియని ఏడుపు. తెర మీద నా వంగిన వీపు, కదిలే భుజాలు. నేను బియ్యం ఏరుతుంటే కదిలిన భుజాలు అవి. చూసేవాళ్ళకు ఏడుస్తున్నట్టే ఉంది.

మా మనవడు నా వైపు తిరిగి, "ఈజ్ దట్ యూ, అమ్మమ్మా?" అన్నాడు.

"కాదు నాన్నా" అన్నాను. సువర్ణ చివరిదాకా చూసింది. బస్సుకు వేళైందని లేచింది.

మర్నాడు కారిన్‌కు ఫోన్ చేశాను. "ఛానెల్ వాళ్ళు ఆ సీను చల్లగా ఉందన్నారు. తీసెయ్యమన్నారు. తీసెయ్యకుండా కాపాడాను రత్నా. నీ నటన ఒక్క క్షణం కూడా కత్తిరించలేదు. శబ్దం మాత్రం వేశాం" అంది.

"ఎవరిదా గొంతు?"

"పాత శబ్దాలు దాచిపెట్టే చోట దొరికింది. ఎవరిదో తెలియదు."

ఆమె అబద్ధం చెప్పలేదని నాకు తెలుసు. సీనును కాపాడానని ఆమె నిజంగానే నమ్మింది. ఈ రంగంలో అన్యాయాలు చాలావరకు ఇలాగే, మంచి చేస్తున్నామనుకునేవాళ్ళ చేతుల మీదుగా జరుగుతాయి. నిఖితా, నువ్వు ఇందులోకి వస్తే ఇది తెలుసుకుని రా. కెమెరా ముందు నువ్వు ఎంత నిజాయితీగా ఉన్నా, నీ ముఖం ఆ గది దాటాక నీది కాదు. దాని వెనక ఎవరి గొంతు పెడతారో నిన్ను అడగరు. ముందే అడిగి కాగితం మీద రాయించుకో. రాయించుకున్నా జరగదని చెప్పలేను.

సునీతను ఆ రోజు చూశామని ఎవరూ ఫోన్ చెయ్యలేదు. ఒక్కరు కూడా.

ఆ సీనులో ముఖం కనపడకుండా చాట మీదికి వంగిన ముక్కను మాత్రం ఎవరో కత్తిరించి వాట్సాప్‌లో పెట్టారు. అది తిరిగి తిరిగి చీరాల దగ్గర ఆ పల్లెకు చేరింది. సువర్ణ నా ఫోన్లు ఎత్తడం మానేసింది. మెసేజ్ పెడితే "డ్యూటీలో ఉన్నా ఆంటీ" అని జవాబు. నటుల జాబితాలోంచి నా ఫొటోలు తీసెయ్యమని నేను ఏజెంటుకు చెప్పాను.

ఒక ఆదివారం ప్రార్థన నుంచి వచ్చి బూట్లు విప్పుకుంటుంటే సువర్ణ ఫోన్ చేసింది. "ఆంటీ, మా అమ్మ మీతో మాట్లాడాలంటంది. కలపనా?" అంది. ఊఁ అన్నాను.

"నువ్వేనా అమ్మా నా వేషం ఏసింది?" అంది ఆవిడ. సన్నటి, నిదానమైన గొంతు.

"అవునండీ."

"నా మాదిరే ఉన్నావు. చాట పట్టుకోటం గూడా. ఆ ఏడ్చింది నువ్వేనా?"

"కాదండీ. నేను ఏడవలేదు. మీరు ఎట్లా ఉన్నారో సువర్ణ చెప్పింది, అట్లాగే ఉన్నాను. ఆ ఏడుపు వాళ్ళు తర్వాత పెట్టారు. ఎవరిదో నాకు తెలీదు. మిమ్మల్ని క్షమాపణ అడగాలని..."

"ఎందుకులేమ్మా" అని ఆపేసింది. "అది జూసినాక మా వాళ్ళందరూ వస్తన్నారు. అప్పుడు గడప తొక్కనోళ్ళు గూడా వచ్చి కూకుంటన్నారు. మా తోడికోడలు నన్ను పట్టుకుని ఏడ్చింది. ఇంత దుఃఖం లోపలెట్టుకున్నావా అక్కా, మేమే తప్పుగా అనుకున్నాం అంది. పిల్ల గురించి గూడా ఇప్పుడెవురూ చెడ్డ మాట అనటంలా."

నేను చేసిన నిజం ఆవిడకు ఎందుకూ పనికిరాలేదు. ఎవరో తెలియని మనిషి ఏడుపు ఆవిడ బిడ్డ మీద పడ్డ మచ్చ తుడిచింది. ఇన్నేళ్ళ పనిలో నాకు తెలుసనుకున్నదంతా ఆ ఫోన్‌లో పట్టు తప్పిపోయింది. ఇప్పటికీ దాన్ని సరిగ్గా కూడగట్టుకోలేకపోతున్నాను.

"మరి మీరు చెప్పలేదా, అది మీరు కాదని?" అన్నాను.

"చెప్పలా. ఆ ఏడిచింది నేనే అనుకుంటన్నారు. అనుకోనీ." మళ్ళీ తనే అంది. "నాకైతే ఏడుపు ఇంకా రాలేదమ్మా."

సువర్ణ లైన్లోనే ఉంది. ఆమె ఊపిరి నాకు వినిపిస్తోంది. ప్రభాకర్ శవపేటిక పక్కన నిలబడ్డప్పుడు నా గొంతు ఏమైందో ఆవిడకు చెబుదామనుకున్నాను గాని, అది నా కథ, ఆవిడకు ఎందుకని ఊరుకున్నాను.

"ఉంటాను మరి" అన్నాను చివరికి.

"పెట్టెయ్యమాకు" అంది ఆవిడ. "ఎవురూ మాట్లాడకపోయినా పర్లేదు. కాసేపు ఉండండి ఇద్దరూ."

ఉన్నాం.